నీడలో దాచిన సోలార్ పలక

అప్పటికి నేను అక్షరాలు నేర్చుకుని ఏడాది. వయసు యాభై దాటింది. మా సాయంత్రం బడికి కిరసనాయిలు ఖర్చు భరించలేక, ఆడవాళ్లమంతా చందాలేసుకుని బెంగళూరు నుంచి సోలార్ దీపం తెప్పించాం. అది ఒక్కరోజూ వెలగలేదు. బడి ఆగిపోయేలా ఉందని దీపాన్నీ, దాని పలకనూ మూటగట్టి, బెంగళూరు పీణ్యలో వాటిని తయారుచేసే షెడ్డుకు నేనే వెళ్లాను.

అక్కడ రిపేర్లు చేసే సుశీల తెలుగులోనే పలకరించింది. "పలకను ఎండలో పెట్టినారా అప్పా?"

ఆడదాన్ని నన్ను అప్పా అంటుందేమిటని నవ్వొచ్చింది; అక్కడ ఎవరినైనా అలాగే పిలుస్తారట. "లేదమ్మా, నీడలోనే దాచాం. దీన్ని కదిపితే బేడీలు వేస్తారని వెనకాల రాసుందిగా!"

"ఏదీ, చదవండి."

వేలుపెట్టి కూడబలుక్కున్నాను. "నెరళినల్లి ఇడబేడి. చివర బేడి అనుందిగా!"

సుశీల పడీపడీ నవ్వింది. "అది కన్నడ అప్పా! నీడలో పెట్టొద్దు అని. అక్షరాలు తెలుగు మాదిరే ఉంటాయి, ఒక్కటీ తప్పు చదవలేదు మీరు. భాషే వేరే."

ఊళ్లో అందరికీ అది చదివి చెప్పింది నేనే. సిగ్గుతో తలెత్తలేకపోయాను. సుశీల పలకను ఎండలో పెట్టింది. మధ్యాహ్నానికి దీపం వెలిగింది.

"ధర తగ్గినాక ఇవి మీ తెలుగు ఊళ్లకే ఎక్కువ పోతుండాయి. పలక వెనకాల ఉండే ఆ మాట తెలుగులో రాసియ్యండి. నాకు మాట్లాడేది వస్తాది, రాసేది రాదు," అంటూ కాగితం, పెన్ను ఇచ్చింది.

నన్ను రాసిమ్మని ఎవరైనా అడగడం అదే మొదలు. పెద్ద అక్షరాలతో రాశాను: "ఎండలో పెట్టండి."

"నూరు జిరాక్సులు తీయించండప్పా," అని సుశీల లోపలికి కేకేసింది.