సరెప్టా అవ్వ తోబుట్టువులు

ఎల్జీ క్రాబ్‌ట్రీకి ఉన్న జబ్బు ఒక్కటే. చుట్టరికం కలపకుండా మనిషిని వదలలేడు. అమెరికాలోని ఈ ఓజార్క్ కొండల్లో "మీరెవరి తాలూకు?" అని అందరూ అడుగుతారు. అడిగి, జవాబు విని, తల ఊపి, వానల సంగతిలో పడతారు. ఎల్జీ అక్కడ ఆగడు. మీ నాన్న పేరు, ఆయన్ని కన్నతల్లి పేరు, ఆవిడ పుట్టింటివాళ్ళు ఏ వాగు ఒడ్డున మొక్కజొన్న వేశారో అంతా కూపీ లాగి, చివరికి ఎక్కడో ఒక బీరకాయ పీచు దొరకబుచ్చుకుని, "ఇంకేం, నువ్వు మనోడివే!" అని వీపు మీద చరిచేదాకా ఆయనకు తిండి సహించదు.

కళ్ళు మసకబారిన దగ్గర్నుంచీ ఆయన్ని ట్రక్కులో తిప్పేది అన్నకూతురు వనీటా. మసకబారింది రోడ్డు మాత్రమే, చుట్టాలు మైలు దూరం నుంచి కనిపిస్తూనే ఉంటారు.

అంతకుముందు తనే నడిపే రోజుల్లో, వెనక దీపం వెలగడం లేదని కొత్తగా వచ్చిన పోలీసు డిప్యూటీ ఒకడు బండి ఆపాడు.

"లైసెన్సు చూపించండి."

"చూపిస్తా గానీ, నీ చెవులు మా సరెప్టా అవ్వ చెవుల్లా ఉన్నాయే! ఎవరి తాలూకు నాయనా నువ్వు?"

అరగంటలో ఆ డిప్యూటీ నేలమీద కూర్చుని బల్బు మారుస్తున్నాడు. ఆ ఆదివారం భోజనానికి వచ్చాడు. ఇప్పటికీ ప్రతి ఆదివారం వస్తూనే ఉన్నాడు.

ఆపరేషన్‌కి ఎల్జీని తీసుకెళ్తే, మత్తు ఇస్తున్న నర్సుతో "అయితే మీ అమ్మమ్మ..." అంటూ మత్తులోకి జారిపోయాడు. మెలకువ రాగానే, కళ్ళయినా తెరవకుండా, "...మా వేలు విడిచిన మేనత్తేనమ్మా" అని వాక్యం పూర్తి చేశాడు.

వనీటా పెళ్ళి ఆలస్యమైంది కూడా ఇందుకే. ఇంటికి తెచ్చిన ప్రతి కుర్రాడినీ కాఫీ చల్లారేలోగా అన్నదమ్ముల వరస చేసి సాగనంపేవాడు. ఆఖరికి ఆమె డాయల్ అనే అతన్ని ట్రక్కు దిగనివ్వకుండా అద్దంలోంచే చూపించి, నేరుగా కోర్టుకెళ్ళి పెళ్ళి చేసుకొచ్చింది.

"మంచి పని చేశావు అమ్మాయ్," అన్నాడు ఎల్జీ. "వాడి తాత మనకి ఏమవుతాడంటే..."

"బాబాయ్!" అని వనీటా అరిచిన అరుపుకి పెరట్లో కోళ్ళు చెదిరిపోయాయి.

ఆయన కాగితాల జోలికి పోడు. లెక్కంతా నోటిమీదే. ఎక్కడైనా పీచు తెగిపోతే అతకడానికి సరెప్టా అవ్వ ఉంది. టెనెసీ నుంచి ఎడ్లబండిలో ఈ కొండలెక్కిన ఆడమనిషి ఆవిడ. అంతర్యుద్ధంలో ఆవిడ ఇల్లు రెండుసార్లు తగలబడింది. ఒకసారి ఈ పక్షంవాళ్ళు అంటించారు, ఒకసారి ఆ పక్షంవాళ్ళు. ఎల్జీ లెక్కలో ఇద్దరూ చుట్టాలే. ఆవిడ తమ్ముడొకడు టెక్సాస్ వెళ్ళి తప్పిపోయాడు. ఇంకొకడు యుద్ధంలో పొరపాటున అవతలి సైన్యం వెంట నడిచిపోయాడు. చెల్లెలొకతె పాస్టరుతో ఇల్లినాయి రాష్ట్రానికి లేచిపోయింది. అవసరాన్ని బట్టి ఇంకా పుడుతూనే ఉంటారు.

"ఇంతమందీ ఒక్క బండిలో ఎలా పట్టారు బాబాయ్?" అని వనీటా ఓసారి నిలదీసింది.

"కొందరు నడిచారమ్మా."

ఎల్జీవాళ్ళ సొంతూరు డ్రై ఫోర్క్ లోయ ఇప్పుడు లేదు. నదికి ఆనకట్ట కట్టినప్పుడు ఇళ్ళూ, చర్చీ, చేలూ సరస్సు అడుగుకు పోయాయి. సమాధులను మాత్రం తవ్వి కొండ మీదికి చేర్చారు. లోయవాళ్ళకి ఊరంటూ మిగిలింది ఆ సమాధుల తోటే. అందుకే అక్కడి నియమం గట్టిది. లోయవాళ్ళ చుట్టానికి తప్ప ఇంకెవరికీ చోటు లేదు. కమిటీ అధ్యక్షురాలు మోజెల్ ఆ నియమం కంటే గట్టిది. సరస్సు ఒడ్డున బంగళా కట్టుకున్న పట్నం పెద్దమనిషి చోటు కొంటానంటే, "బతికినన్నాళ్ళూ మా చర్చి మీద పడవ నడిపి, చచ్చాక మా పక్కన పడుకుంటావా?" అని గుమ్మంలోంచే పంపేసింది.

నిజానికి మోజెల్ కూడా ఈ కొండల్లో పుట్టలేదు. పడుచు వయసులో ఇల్లినాయి నుంచి ఒక పెట్టె పట్టుకుని పంతులమ్మగా వచ్చింది. నా అన్నవాళ్ళు లేరు. వచ్చిన వారంలోనే ఎల్జీ పట్టుకుని, పాస్టరుతో లేచిపోయిన చెల్లెలి మునిమనవరాలని తేల్చేశాడు. చుట్టరికం పుచ్చుకుంది గానీ లేచిపోయిన వంశమన్న మాట ఆమెకు ఇప్పటికీ మింగుడుపడదు. ఆయన "చెల్లెమ్మా" అంటే ఆమె "మిస్టర్ క్రాబ్‌ట్రీ" అంటుంది.

ఇలా ఉండగా, వనీటాతో కోళ్ళ ఫ్యాక్టరీలో పనిచేసే ఎమీనా తన తండ్రిని ఆసుపత్రి నుంచి ఇంటిదగ్గర దింపమని అడిగింది. వాళ్ళు పసిఫిక్ సముద్రంలోని మార్షల్ దీవులవాళ్ళు. తండ్రి పేరు జాకియోస్, మనిషి పొట్టిగా, గట్టిగా, నవ్వుమొహంతో ఉంటాడు. వనీటా చేసిన పొరపాటల్లా ఆయన్ని బాబాయ్ పక్కన కూర్చోబెట్టడమే.

"మీరెవరి తాలూకు?"

"మా దీవుల్లోనూ ముందు అదే అడుగుతాం," అని నవ్వాడు జాకియోస్. "నేను మా అమ్మ తాలూకు. మాకు నేల అమ్మవైపు నుంచే వస్తుంది."

"ఎక్కడుందా నేల?"

"సముద్రం తినేస్తోంది. పోయినేడు మా అమ్మ సమాధి అలల్లో కొట్టుకుపోయింది. నాకా షుగరూ, గుండెజబ్బూ. ఎన్నాళ్ళో ఉండను. నన్ను నీళ్ళు రాని ఎత్తు మీద పెట్టమని మా అమ్మాయికి చెప్పా. ఆదివారం పూట నడిచొచ్చేంత దగ్గర్లో పెట్టమన్నా. అంతకంటే ఏం అక్కర్లేదు."

ఎల్జీ ఆయన మోకాలి మీద చెయ్యి వేశాడు. "మావాళ్ళ మీదికీ నీళ్ళొచ్చాయి," అన్నాడు. తర్వాత గొంతు సవరించుకున్నాడు. "మీ వంశంలో బయటినుంచి వచ్చినవాడు ఎవడైనా ఉన్నాడా?"

"మా ముత్తాత ఏదో ఓడ మీద వచ్చాడంటారు. పేరెవరికీ తెలీదు."

"తెలీకపోవడమేంటి! సరెప్టా అవ్వ ఆఖరి తమ్ముడు! ఓడెక్కినవాడు మళ్ళీ కనిపిస్తే ఒట్టు!"

వనీటా చేతిలో స్టీరింగు పక్కకు తిరిగిపోయింది. "ఈ కొండల్లో సముద్రమెక్కడిది బాబాయ్?"

"అందుకేనమ్మా వెళ్ళిపోయింది."

జాకియోస్ కాస్త ఆలోచించి, "ఆయన పొట్టివాడా?" అని అడిగాడు.

"మా సరెప్టా పీపా అంత ఉండేది!"

"మరింకేం, మావాడే," అని జాకియోస్ చెయ్యి చాపాడు. ఇద్దరు ముసలాళ్ళూ దారిపొడుగునా నవ్వుకుంటూనే ఉన్నారు.

కమిటీలో మాత్రం నవ్వులు సాగలేదు. ఎల్జీ సంగతంతా చెప్పగానే మోజెల్ కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టింది.

"మిస్టర్ క్రాబ్‌ట్రీ, ఈసారి నోటిమాట చాలదు. రేపు ఆ పడవాయన కూడా సరెప్టాకి తమ్ముడవుతాడు. ఆవిడ సమాధిరాయి మీద వంశం సంగతి చెక్కారట. నాచు పట్టి ఎవరూ చదవలేదు. సమాధుల అలంకరణ రోజున నేనే తోముతా. రాయి ఏం చెబితే అది."

ఎల్జీ మొహం పాలిపోయింది. ఏటా మే నెలలో అలంకరణ రోజున అందరూ వచ్చి రాళ్ళు తోమి, పూలు పెట్టి, పొడుగు బల్లల మీద భోజనాలు చేస్తారు. సరెప్టా రాయిని మాత్రం ఆయన ఎవరినీ తాకనివ్వడు. దాని ముందు ఐరిస్ పూల దుబ్బులు నడుమెత్తున పెంచాడు. అది భక్తి అనుకునేది వనీటా. ఆ మొహం చూశాక మొదటిసారి అనుమానం వచ్చింది.

ఆ రోజు రానే వచ్చింది. బల్లల మీద వేయించిన కోడి, చిక్కుడుగింజలు, మొక్కజొన్న రొట్టె, పండ్ల పైలు సర్దుతున్నారు. కంచె అవతల మడతకుర్చీలో జాకియోస్ కూర్చున్నాడు, పక్కన ఎమీనా, ఒళ్ళో కొబ్బరికోరులో దొర్లించిన అన్నం ఉండల పళ్ళెం. తీర్పు తెలిసేదాకా లోపలికి రాకూడదని వాళ్ళే అనుకున్నారు.

మోజెల్ బ్రష్షు పట్టుకుని బయల్దేరింది. ఎల్జీ అడ్డం నిలబడ్డాడు.

"చెల్లెమ్మా, అక్కడ కందిరీగలున్నాయి."

"నిన్ననే పొగపెట్టించాను."

"పాము కూడా ఉంది."

"పాస్టరుతో లేచిపోయిన వంశం నాది. పాముకి భయపడతానా? తప్పుకోండి."

వనీటా బకెట్టు పట్టుకుని వెనకే వెళ్ళింది. మోజెల్ ఐరిస్ దుబ్బుల్ని పక్కకు వంచి మోకాళ్ళ మీద కూర్చుని తోమింది. సరెప్టా పేరు తేలింది. తల్లీతండ్రుల పేర్లు తేలాయి. అన్నిటికంటే కింద, మట్టిని ఆనుకుని, ఇంకో వరస తేలింది.

*వారి ఏకైక సంతానం.*

బ్రష్షు ఆగిపోయింది. వనీటా బకెట్టు కింద పెట్టేసింది. టెక్సాస్ తమ్ముడు లేడు. అవతలి సైన్యం లేదు. ఆ బండిలో ఎవరూ నడవలేదు. అప్పుడు గుర్తొచ్చింది, సరెప్టా పీచు ఎవరెవరికి తగిలించాడో. ఆదివారం పూట ఒంటిగా వండుకు తినే డిప్యూటీ. పిల్లాణ్ణి చంకనేసుకుని ఊరికి కొత్తగా వచ్చిన నర్సు. ఒక పెట్టెతో దిగిన పంతులమ్మ. చుట్టాలున్నవాళ్ళకి బాబాయ్ ఉన్న చుట్టాలనే వెతికిపెట్టాడు. సరెప్టా తోబుట్టువులంతా ఎవరూ లేనివాళ్ళ కోసమే పుట్టారు.

మోజెల్ ఆ వరసని మళ్ళీ చదివింది. తల తిప్పి ఎల్జీ వంక చూసింది. ఆయన టోపీ చేతిలో పట్టుకుని నేల చూస్తున్నాడు.  తర్వాత ఆమె కంచె అవతలి మడతకుర్చీ వైపు చూసింది.

"ఏం రాసుంది మోజెల్?" అని బల్లల దగ్గర్నుంచి ఎవరో కేకేశారు.

మోజెల్ ఐరిస్ దుబ్బుల్ని యథాస్థానంలోకి తోసి, రాతి మొదట్లో మట్టి ఎగదోసి, చేతులు దులుపుకుని లేచింది. పాతకాలపు పంతులమ్మ గొంతు బయటికి తీసింది.

"చాలా పెద్ద కుటుంబం! పేర్లన్నీ పట్టక రాయడం మానేశారు!"

కంచె దగ్గరికి తనే నడిచి వెళ్ళి గేటు తీసింది. "ఎండలో కూర్చున్నారేంటి, లోపలికి రండి. మీవాళ్ళ చోటే ఇది. ఎక్కడ కావాలో చూసుకోండి." జాకియోస్ చేతికర్ర ఊతంగా తోటంతా తిరిగి, అందరికంటే పైన, సరస్సు అందంగా, దూరంగా కనిపించే చోట కర్ర గుచ్చాడు. ఎమీనా కళ్ళు తుడుచుకుంటూ అన్నం ఉండలు పంచింది.

మోజెల్ ఒక ఉండ అందుకుని ఎల్జీ పక్కగా వెళ్తూ, మొహం చూడకుండానే అంది:

"అన్నయ్యా, ఆ పూలు కింద పల్చబడ్డాయి. ఇంకో వరస నాటు."

ఎల్జీ టోపీ మళ్ళీ తలమీద పెట్టుకున్నాడు. వనీటా ఆయన చెయ్యి పట్టుకుంది. ఏదో మంచిమాట చెబుదామని ఆమె నోరు తెరిచేలోగా, ఆయన మసక కళ్ళు చికిలించి బల్లల వైపు చూశాడు.

"అమ్మాయ్, ఆ ఎమీనా పక్కన నిలబడ్డ కుర్రాడెవరు? వాడెవరి తాలూకు?"