చింపని అగ్రిమెంటు

సోమవారం పొద్దున్నే నార్సింగిలో భూలక్ష్మి తన ఇంటి గోడ మీద ఎర్ర రంగుతో వేసిన బాణం గుర్తును కిరోసిన్ గుడ్డతో అరగంట రుద్దింది. అది పోలేదు. ఆ గుర్తుకు రోడ్డు వైపున్నదంతా, అంటే కిరాయికిచ్చిన రెండు దుకాణపు మడిగెలూ వాటి ముందు జాగాతో కలిపి నూట అరవై గజాలు, వెడల్పు చేసే రోడ్డులోకి పోతుంది.

ఆమెకు యాభై ఏడేళ్లు. భర్త పోయాక ఆ మడిగెల మీద వచ్చిన కిరాయితోనే కూతురు హర్షిణిని ఎంబీఏ చదివించింది. భూమి ఇవ్వనని ఆమె ఎన్నడూ అనలేదు. పేచీ ధర దగ్గరే. భూసేకరణ అధికారి గజానికి పందొమ్మిది వేలు కట్టారు. చట్టం ప్రకారం దానికి మరో అంత కలిపి ఇస్తారు. ఆ డబ్బుతో చుట్టుపక్కల అందులో సగం జాగా కూడా రాదు.

ఇంత తక్కువెందుకని కిందటి నెల విచారణలో అడిగితే, అధికారి ఒక దస్తావేజు నకలు ఆమె ముందుకు జరిపారు.

"ఈ సంతకం మీదేనా అమ్మా?"

ఆమెదే. నాలుగేళ్ల కిందట ఇంటి పక్క రెండు వందల గజాలు సోమేశ్వరరావు అనే రిటైర్డ్ ఉద్యోగికి అమ్మింది. దస్తావేజులో గజం పదిహేను వేలు. ఆమెకు ముట్టింది గజానికి యాభై రెండు వేలు. రిజిస్ట్రేషన్ ఖర్చు తగ్గుతుందని అక్కడ అందరూ రాయించినట్టే వాళ్లూ రాయించారు, మిగతాది నగదుగా చేతులు మారింది. ఆ పదిహేను వేలకే నాలుగేళ్ల పెరుగుదల కలిపి పందొమ్మిది చేశారు.

అసలు ధర రాసుకున్న అగ్రిమెంటును రిజిస్ట్రేషన్ కాగానే చింపెయ్యడం రివాజు. సోమేశ్వరరావు తన ప్రతిని ఆఫీసు మెట్ల మీదే చింపాడు. భూలక్ష్మి చింపానని చెప్పి బీరువాలో పెట్టింది.

ఆమె దాన్ని సోమవారం విచారణలో ఇవ్వబోతోందని తెలిసి, ముందురోజు ఆయన ఇంటికొచ్చాడు.

"తగ్గిన స్టాంపు డ్యూటీ కొన్నవాడే కట్టాలండీ. పైన జరిమానా. మిమ్మల్నీ ఇన్‌కమ్ టాక్స్ వాళ్లు వదలరు."

"రానియ్ సారూ. చాయ్ పోస్త."

"నవ్వులాట కాదమ్మా."

"నేనేడ నవ్వుతున్న? నీ ప్లాటుల ముప్పై గజాలు పోతున్నయి గద. పందొమ్మిది వేలకు ఇచ్చేస్తవా?"

ఆయన చాయ్ తాగి వెళ్లిపోయాడు.

"అమ్మా, ఫైన్లు కట్టినంక మనకేం మిగుల్తదో ఒకసారి కాలిక్యులేట్ చెయ్యి," అంది హర్షిణి. "ఎందుకీ రిస్క్?"

"మిగలకుంటె మిగలకపాయె. నా జాగ పందొమ్మిది వేలదని నా సంతకంతోనే నాకు చెప్తరా?"

సోమవారం పదకొండుకు అధికారి అగ్రిమెంటును రెండుసార్లు చదివారు.

"ఇది నిజమైతే, దస్తావేజులో అబద్ధం రాయించానని ఒప్పుకున్నట్టే."

"ఒప్పుకుంటున్న, రాసుకోండ్రి. నా తప్పుకు ఎంతైతే అంత కడత. గనీ దాన్ని పట్టుకొని ఊరందరి భూమి చౌక జెయ్యకుండ్రి. పోయినేడు సర్కారు జాగ మస్తు ధరకు వేలం పెట్టిండ్రు గద, గప్పుడెందుకు చూపియ్యలే ఈ దస్తావేజు?"

వెనక ఎవరో నవ్వారు. అధికారి అంగీకార పత్రం ముందు పెట్టారు. ఆమె దాన్ని వెనక్కి నెట్టింది. డబ్బు అభ్యంతరంతోనే తీసుకుంటానని, ధర తేల్చే అథారిటీకి కేసు పంపాలని దరఖాస్తు ఇచ్చింది. అగ్రిమెంటు నిజమని చెప్పే సాక్షి ఉన్నారా అని అధికారి అడిగారు.

వెనక బెంచీ మీంచి సోమేశ్వరరావు లేచి వచ్చాడు. పెన్ను ఆమెనే అడిగి తీసుకున్నాడు.

"నా ముప్పై గజాల సంగతి కూడా అందులో రాయండి," అని సంతకం చేశాడు.

పన్నెండో రోజున మొదటి నోటీసు ఆయన పేరనే వచ్చింది. డ్యూటీలో తగ్గించి కట్టిన తేడా, జరిమానా కాకుండా, ఐదు లక్షల యాభై ఐదు వేలు. ఇద్దరూ చెరి సగం కట్టారు. ధర కేసుకు ఇంకా తేదీ రాలేదు.