తెరలో మంగళవారం

ఆదివారం సాయంత్రం, బొమ్మనహళ్ళిలో మా ఇల్లు. వీడియో గేమ్‌లో నేనొక ఫుట్‌బాల్ జట్టుకు మేనేజర్‌ని. కొత్త గోల్‌కీపర్ మా జట్టులోకి రావడానికి ఒప్పుకున్నాడు. ఇంక నేను బటన్ నొక్కితే చాలు.

"రాహుకాలం ఉండాది, ఆరు దాటనీ అప్పా," అనింది అమ్మ.

నాకు ఒళ్లు మండింది. "రాహుకాలం మనకమ్మా! ఆటలో క్యాలెండర్ వేరే. అక్కడ ఈ పొద్దు ఆదివారమే కాదు."

అమ్మ గరిటె పట్టుకునే వచ్చి తెర మీదికి వంగింది. "అట్లనా? మరి అక్కడ ఏం వారం?"

"మంగళవారం."

"మంగళవారమా! అయితే అసలే వద్దు."

ఆటలో ఒక రోజు ముందుకు జరిపి, బుధవారం సంతకం పెట్టించినాను. మొదటి మ్యాచ్‌లోనే గోల్‌కీపర్ మోకాలు పోయింది. కోపంగా అమ్మవైపు తిరిగినాను.

"వాని జన్మనక్షత్రం చూసినావా?" అని నన్నే అడిగింది.