పొయ్యిలు ముందుగా వెలిగిన సాయంత్రం

ఏడాది నిండకముందే బాబుకి దగ్గు పట్టుకుంది. పగలంతా బాగానే ఆడుకునేవాడు. చీకటి పడే వేళకు టాటానగర్‌ సీతారాండేరా పేటలో మా వీధి వీధంతా బొగ్గుల పొయ్యిలు గుమ్మాల ముందు పెట్టి వెలిగించేది. చలికాలం కదా, ఎండ పోయాక పొగ పైకి పోక ఇళ్లలోకి వచ్చేది. వాడు దగ్గి దగ్గి పాలు కక్కేవాడు. గాలి మార్పు కావాలన్నారు డాక్టరు. ఆదివారం మమ్మల్నిద్దరినీ టాటానగర్‌లో రైలెక్కించి, శ్రీకాకుళం దగ్గరున్న మా అమ్మావాళ్లింటికి పంపాలని మావారు టిక్కెట్టు తెచ్చారు. ఎన్నాళ్లకో తెలియదు. వెళ్లాలని నాకు లేదు. వెళ్లకపోతే వాడికేమవుతుందోనని భయం.

ఆ శుక్రవారమే మా వీధి టీవీలో వస్తుందన్నారు. మారుతున్న నగరాల గురించి హిందీలో వారం వారం వచ్చే కార్యక్రమం అది. అంతకుముందు టీవీవాళ్లొచ్చి సాక్చి బజారుని, మా కుళాయి దగ్గర ఆడవాళ్లని ఫిల్ము తీసుకుని వెళ్లారు. వీధి మొత్తానికి టీవీ ఎదురింటి పిన్నిగారికే ఉంది. కార్యక్రమం సరిగ్గా పొయ్యిల వేళకే. అందుకని అందరూ ఎండ ఉండగానే పొయ్యిలు వెలిగించి, వంట ముగించి, ముస్తాబై వచ్చేశారు.

"నీకు పౌడరెందుకే? టీవీ మనల్ని సూడదు," అంది మా అత్తగారు పిన్నిగారితో.

"మరి నువ్వు పట్టుసీరెందుకు కట్టేవేటి వదినా?"

కొత్త మేడలు, స్కూటర్లు, మూతపడిన పాత దుకాణాలు చూపించారు. తరవాత మా కుళాయి ఇలా వచ్చి అలా పోయింది.

"ఒలమ్మో, నా ఈపొక్కటే సూపించేడు!" అంది అత్తగారు. గదంతా గొల్లుమని నవ్వింది.

ఆ నవ్వులకి లేచాడేమోనని ఒళ్లో బాబుని చూసుకున్నాను. నిద్రపోతున్నాడు. దగ్గే వేళ ఎప్పుడో దాటిపోయింది. ఛాతీకి చెవి ఆనించాను. పిల్లికూతలు లేవు. గుమ్మంలోకి వచ్చి చూస్తే, రోజూ పొగలో కనిపించని వీధి చివరి దీపం తేటగా కనిపిస్తోంది.

వీధిలో పొగ లేదని, బాబు దగ్గలేదని అత్తగారిని పిలిచి చెప్పాను. ఆవిడ ఒకసారి వీధంతా చూసి లోపలికి వెళ్లింది.

"ఒలే, రేపట్నుంచి ఈ పోగ్రాం రోజూ వత్తాదనుకోండి. ఎండ ఉండగానే పొయ్యిలెలిగించండి. నేకపోతే నా మనవడు ఊరెల్లిపోతాడు."

"మా ఆయన డూటీ నుంచొచ్చేసరికి కూడు సల్లారిపోదేటి వదినా?"

"సల్లారిందే తింటాడు. ఆడేటి, లాట్‌సాబా?"

శనివారం ఒకటి రెండు ఇళ్లు తప్ప అందరూ ముందే వెలిగించారు. బాబు కాస్త దగ్గాడు గానీ పాలు కక్కలేదు. ఆదివారం పొద్దున్నే అత్తగారు టిక్కెట్టు మావారి చేతిలో పెట్టి, "వాపస్ కర్‌దే," అంది.

వాడిప్పుడు పక్కనే పడుకున్నాడు. ఇది రాస్తూ కూడా మధ్యమధ్య ఆగి వాడి ఊపిరి వింటున్నాను.