అమ్మ రాలే... బగోన వచ్చింది

మా చిన్నప్పుడు ఒకనాడు మా అమ్మ ఇంట్ల అన్నం వండే పెద్ద బగోన చంకల పెట్టుకొని, రోడ్డు మీద వంట చేయనీకి పోయింది...

తెలంగాణ కోసం ఉద్యమం మస్తు జోరుగున్న రోజులు. నేను ఎనిమిదో తరగతి. నాచారంల రెండర్రల కిరాయి ఇల్లు. నాయిన దగ్గర్లనే ఒక కంపెనీల మిషన్ మీద పని చేసేటోడు. అమ్మ ఇంట్ల జాకెట్లు కుట్టేది, ఆదివారం చర్చిల పాటలు పాడేది. గంతే ఆమె లోకం.

ఆ రోజు ఉప్పల్ రింగ్ రోడ్డు మీద వంటావార్పు పెట్టిన్రు. అంటే రోడ్డుకడ్డంగ పొయ్యిలు పెట్టి, ఆడనే వండి, ఆడనే అందరు కూసొని తినుడు. బండ్లు ఆగాలె... సర్కారుకు తెల్వాలె.

నాయినకు ఇష్టం లేదు. "పెద్ద పెద్ద లీడర్లు ఢిల్లీల మాట్లాడుతున్నరు గద. నువ్వు అన్నం వండితె రాష్ట్రమొస్తదా?" అన్నడు డ్యూటీకి పోవుకుంట.

"వాళ్ల ఎనుక మనం కనబడకపోతె వాళ్ల మాట ఎవలింటరు?" అన్నది అమ్మ. చాట దించకుండనే, బియ్యం చెరుగుకుంటనే అన్నది.

నాకు మాత్రం భయమైంది. టీవీల రోజూ అదే... లాఠీలు, పొగ, చెప్పులొదిలి ఉరికే మనుషులు.

"తమ్మున్ని బయటికి పోనియ్యకు" అని చెప్పి, గల్లీల ఆడోళ్లతోని కలిసి పోయింది. ఆకుపచ్చ చీర కట్టుకున్నది.

బడి బంద్. తమ్ముడు ఆడుకుంటుండు. నేను గడప మీదనే కూసున్న. దూరంగ సైరన్ ఇనబడితె లేస్తున్న, మళ్ల కూసుంటున్న...

ఎండ నడినెత్తికొచ్చినంక పక్కింటి లక్ష్మత్త వచ్చింది. ఒక్కతే. కొప్పు ఊడిపోయి, మొకమంత చెమట. చేతిల మా బగోన. ఒక దిక్కు పెద్ద సొట్ట. అడుగున సగం ఉడికిన అన్నం, అంత మట్టి.

"అమ్మేది అత్తా?"

"పోలీసోళ్లు వ్యాన్లెక్కించిన్రు బిడ్డ... ఎటు తీస్కపోయిన్రో తెల్వది. నేను సందులకెళ్లి ఉరికొచ్చిన."

అమ్మకు ఫోన్ లేదు. నాయినకు ఉన్నదిగాని డ్యూటీల ఉన్నంతసేపు గేటు కాడ పెట్టాలె. లక్ష్మత్త చేస్తనే ఉన్నది, అది మోగుతనే ఉన్నది. గల్లీల ఒకామె "ఎవలిదో తల పగిలిందట" అనుకుంట పోయింది. నేను ఉరికి "ఆకుపచ్చ చీరనా?" అని అడిగిన. ఆమెకు తెల్వదట... ఆ మాట ఎంత భయపెట్టిందో ఇప్పటికీ చెప్పలేను.

నాయిన షిఫ్ట్ అయినంక వచ్చిండు. గడప మీద బగోన సూసిండు. లక్ష్మత్త జరిగింది చెప్పింది. అరుస్తడనుకున్న... అరవలే. "బండెక్కు బిడ్డ" అన్నడు. తమ్మున్ని లక్ష్మత్త కాడ వదిలినం.

మొదలు పోయిన ఠాణాల "ఈడ లేరు, పోండ్రి" అన్నరు. ఇంకో ఠాణాల గేటే తియ్యలే. బయట చాయ్ బండాయన పాపం, "బోడుప్పల్ దిక్కు ఒక ఫంక్షన్ హాల్ల ఆడోళ్లను కూసోబెట్టిన్రట, సూడుండ్రి" అని చెప్పిండు.

ఆడికి పోయేసరికి పొద్దు వాలుతున్నది. గేటు మూసున్నది. లోపల్నుంచి పాట... బతుకమ్మ పాట. ఒకామె ఎత్తుకుంటున్నది, మిగతోళ్లు 'ఉయ్యాలో' అంటున్నరు. నాయిన బండి ఆపి అట్లనే నిలబడ్డడు.

"అది మీ అమ్మ గొంతు" అన్నడు.

చర్చిల కీర్తన పాడే గొంతు! నాకు అప్పటిదాక ఆగిన ఏడుపు అప్పుడొచ్చింది.

జరసేపటికి లేడీ కానిస్టేబుల్ గేటు తీసి, "చిన్న పిల్లలున్నోళ్లు మొదలు పోండ్రి" అన్నది. అమ్మ కనబడ్డది. ఆకుపచ్చ చీర, మోచేతికి గుడ్డ కట్టుంది. నన్ను సూసింది. నేను చెయ్యి ఊపిన. ఆమె మాత్రం కదలలే... పక్కన ఒక ముసలామె గోడకొరిగి కూసున్నది, ఆమె చెయ్యి పట్టుకొనే ఉన్నది.

"మేడం, ఈ పెద్దమ్మకు షుగరున్నది. పొద్దుగాల నుంచి ఏం తినలే. మొదలు ఈమెను పంపుండ్రి. కొడుకు వస్తుండట, ఆయన చేతిల పెట్టినంకనే నేనొస్త."

గేటు మళ్ల మూసిన్రు. "అమ్మా" అని అరిచిన. నాయిన నన్ను దగ్గరికి తీసుకొని "ఉండు బిడ్డ, వస్తది" అన్నడు.

చీకటి పడుతుండంగ ముసలామె కొడుకు ఆటోల వచ్చిండు. అమ్మ ఆమెను పట్టుకొని నడిపిచ్చి, ఎక్కిచ్చి, అప్పుడు మా దిక్కొచ్చింది. వట్టికాళ్లతోని.

"చెప్పులేవి?" అడిగిండు నాయిన.

"ఆ రోడ్డు మీదనే పోయినయ్."

నాయిన తన చెప్పులిడిచి ఆమె ముంగట పెట్టిండు. ఆ పెద్ద చెప్పులేసుకొనే అమ్మ బండెక్కింది.

కొన్నేండ్లకు రాష్ట్రమొచ్చింది. టీవీల లీడర్లు, దండలు... మా గల్లీల పటాకులు. అందరు చౌరస్తాకు పోతుంటె మా అమ్మ మిఠాయి డబ్బ పట్టుకొని పీర్జాదిగూడకు పోయింది, ఆ పెద్దమ్మ ఇంటికి. పెద్దమ్మ అంతకు ముందేడే కాలం చేసింది. కొడుకు చేతిల డబ్బ పెట్టి, "ఆమె సూడకపాయె" అని ఒక్క మాటన్నదట.

ఇప్పుడు రింగ్ రోడ్డు నెత్తి మీదకెళ్లి మెట్రో పోతున్నది. పిల్లల సోషల్ పుస్తకంల ఉద్యమం పాఠమున్నది. పెద్దోళ్ల పేర్లు, ఫోటోలు ఉన్నయ్... ఉండాలె కూడ, వాళ్లు లేకపోతె అయ్యేది కాదు. గానీ ఆ ఎండల పొయ్యి ముట్టిచ్చినోళ్ల ముచ్చట చెప్పేటోళ్లే ఒక్కొక్కరు తక్కువైతున్నరు...

మీ ఇంటి నుంచి ఆ రోజులల్ల ఎవలు రోడ్డెక్కిన్రు? పేరు, ఊరు కింద రాయుండ్రి. పెద్ద ముచ్చటే కానక్కర్లే.

మా ఇంటి నుంచి మార్తమ్మ, నాచారం.

ఆమె చెయ్యి పట్టుకొని కూసున్న పెద్దమ్మ... బాలమ్మ, పీర్జాదిగూడ.