మన చట్టమే అని రాసిన ఉత్తరం

మొన్న ఖమ్మం మార్కెట్ రోడ్డు మీదుగా వస్తుంటే, ముందు వెళ్తున్న లారీలోంచి మిర్చి ఘాటు వచ్చి గొంతులో పడింది. మా కారు డ్రైవర్ తుమ్ముతూ నవ్వాడు. నాకు ఒళ్లు మండింది. ఇన్నేళ్లయినా ఆ ఘాటు తగిలితే సుగుణమ్మగారి గొంతు వినిపిస్తుంది, నా మీద నాకే కోపం తన్నుకొస్తుంది.

సుగుణమ్మగారు ఖమ్మంలో వకీలు. రెండువేల సంవత్సరం దాటిన కొత్తలో నేను ఆవిడ దగ్గర జూనియర్‌ని. సన్నటి మనిషి, ముక్కు మీదే కోపం. కాగితం చదవకుండా నోరు తెరిచినవాణ్ణి, కక్షిదారైనా సరే, గుమ్మం బయట కూర్చోబెట్టి చదివించాకే లోపలికి పిలిచేవారు. చదువు రానివాళ్లకు మాత్రం తానే పక్కన కూర్చుని చదివి వినిపించేవారు. చర్ల దగ్గరి పల్లె నుంచి వచ్చిన ముత్తక్కకు అలాగే ఒక నోటీసు చదివి వినిపించారు.

ముత్తక్క పదకొండు కుటుంబాల మిర్చి సంఘానికి పెద్ద. దళారిని వదిలించుకుని మొదటిసారి సొంతంగా యూరప్‌లోని ఒక కంపెనీకి కంటైనర్ మిర్చి అమ్మారు. ఆడవాళ్లు కల్లంలో కూర్చుని, రంగు పోయిన తాలు కాయ ఒక్కటి లేకుండా ఏరిన సరుకు. అది అందుకుని ఏడు నెలలు నోరు మెదపని కంపెనీ, ఇప్పుడు బూజు పట్టింది, నష్టం కట్టండి అంటోంది. ఏడు నెలలు గోదాములో మగ్గబెడితే బూజు పట్టక పూలు పూస్తాయా!

"కట్టాల్సొస్తే సంఘం మూతబడ్తది వకీలమ్మా. మళ్ల ఆ దళారి గడపే తొక్కాలె," అంది ముత్తక్క.

నోటీసులో ఇంకో మాట ఉంది. తగాదా తమ దేశ చట్టం ప్రకారమే తేలాలట. ఒప్పందం వెనకవైపు షరతుల్లో అలా ఉందట. ఆ ఒప్పందం ఫ్యాక్స్‌లో వచ్చింది. వచ్చింది ముందువైపు ఒక్కటే, వెనకవైపు వాళ్లు పంపనేలేదు. పంపని షరతు మమ్మల్ని ఎలా కట్టేస్తుంది? అది కనిపెట్టి నేను ఎగిరి గంతేశాను. సుగుణమ్మగారు హైకోర్టు పని మీద హైదరాబాద్‌లో ఉన్నారు. ఆవిడ వచ్చేదాకా ఆగితే నా సొమ్మేం పోయేది? ఆగలేదు. మిర్చి మాది, నేల మాది, కాబట్టి మా దేశ చట్టమే వర్తిస్తుందని సంఘం తరఫున ఘాటుగా రాసి ఫ్యాక్స్ కొట్టించాను.

తిరిగొచ్చి నకలు చదివిన ఆవిడ మొహం చూసి, చెప్పు తీస్తారేమో అనుకున్నాను.

"వాళ్ల చట్టం చదివినవా?"

"లేదు మేడం. మనది మనకు మంచిది కదా అని..."

"చట్టమేమన్న నీ మేనమామా? సరుకు చెడితే జల్దీ చెప్పాలె, చెప్పకపోతే కొన్నోడు ఇగ అడగరాదంటది వాళ్ల చట్టం. మన చట్టంల సరుకు ఉంచుకొని గూడ నష్టం అడగొచ్చు. షరతులు చేరకపోతే ఒప్పందం ఏ దేశానికి దగ్గరో చూస్తరు, మనదే అనొచ్చు, నాకూ తెల్సు. గని వాళ్లంతట వాళ్లే తమ చట్టం మన చేతుల పెడ్తుంటే, వద్దనెటందుకు నువ్వెవరివిరా?"

మీ చట్టానికే ఒప్పుకుంటున్నామని ఆవిడ ఆ పూటే రెండో ఉత్తరం రాశారు. అప్పటికే చేయి దాటిపోయింది. భారత చట్టమని మీరే రాశారు, మాకూ సమ్మతమే అని కంపెనీ వకీలు జవాబిచ్చాడు. నిన్నటిదాకా తమ చట్టమని గొంతు చించుకున్న మనిషి! సిగ్గూ ఎగ్గూ ఉండక్కర్లేదా? తగాదా తేల్చడానికి రెండు పక్షాలూ ఒప్పుకున్న మధ్యవర్తి కూడా తీర్పులో నా ఉత్తరాన్నే పట్టుకున్నాడు. నష్టంలో సగం సంఘం నెత్తిన పడింది.

ఆ సంగతి చెప్పడానికి సుగుణమ్మగారు నన్ను జీపులో వెంటబెట్టుకుని, గుంతల రోడ్డు మీద చర్ల దాటి వెళ్లారు. నా పేరు ఎత్తలేదు. "తప్పు నాది ముత్తక్కా," అన్నారు.

ముత్తక్క కోప్పడినా బాగుండేది. "మన చట్టమే అంటిరి గదమ్మా. మనదైతే మన దిక్కు ఉండాలె గద?" అంది.

జడ్జిలకే ఎదురు చెప్పే మనిషి, ముత్తక్క పక్కన కూర్చుని తీర్పు కాగితం మొదటినుంచి చదివి వినిపించారు.

ఆవిడ పోయి చాలా ఏళ్లయింది. రెండు దేశాల చట్టాలూ పక్కపక్కన పెట్టి చదివేదాకా నా ఆఫీసులో ఎవరూ ఉత్తరం రాయకూడదు. జూనియర్లు చాదస్తం అనుకుంటారు. అనుకోనీ. మొన్న ఆ లారీని దాటేటప్పుడు బస్తాల మీద ముద్ర చూశాను. పక్కన రాసిన ఊరు ముత్తక్క పల్లె దిక్కుదే, ముద్ర మాత్రం ఆ పాత దళారిది.