తక్కెడ పళ్ళెం కింద అయస్కాంతం

పాఠక మహాశయులకు గంభీరముగా తెలియజేయునది ఏమనగా, మొన్న బుధవారం ఆటోనగర్‌లో మా లేతు మిషను పావుగంట సేపు ఆగింది. కరెంటు పోయి కాదు. మా సిస్టరమ్మ పోయిందని కబురొచ్చి.

గుండె ఆపరేషన్ల వార్డులో ఆవిడ నర్సు. మా ఆవిడ గుండెలో కవాటం పాడై, ఆరేళ్ళ కిందట మేము ఆ వార్డులో నెలరోజులున్నాం. అప్పట్లో ఆ ఆపరేషనంటే సీసాలు సీసాలు రక్తం కావాలి. ఇస్తామని గుండెలు చరుచుకున్న నా బావలిద్దరూ సూది చూడగానే మాయమయ్యారు. ఒకణ్ణి ఆనందపురంలో పట్టుకుంటే, "నాకు డూటీ ఉంది బావా" అన్నాడు. వాడికి ఉద్యోగమే లేదు.

మా అదృష్టం, అప్పుడే డాక్టరుగారూ సిస్టరమ్మా ఒక పరిశోధన చేస్తున్నారు. బయటి రక్తం వీలైనంత తక్కువ ఎక్కించి ఆపరేషను గట్టెక్కించడం ఎలాగని. రోగి రక్తమే ముందుగా కొంత తీసి దాచి, తర్వాత తిరిగి ఎక్కించేవారు. ఆపరేషనులో తడిసిన ప్రతి కట్టుగుడ్డనీ సిస్టరమ్మ తక్కెడలో తూచి, పొడిగుడ్డ బరువు తీసేసి, ఎంత రక్తం పోయిందో రాసేది. ఆ తూకాన్ని బట్టే బయటి సీసా విప్పాలా వద్దా అని డాక్టరుగారు తేల్చేవారు.

"నా రక్తం నాకే ఇత్తారట. ఇంక నీ బావల కాళ్ళు పట్టుకోనక్కర్నేదు," అంది మా ఆవిడ.

నేను ఊరుకునే రకం కాదు. తక్కెడ కనిపిస్తే చాలు, "వంజరం సేప ఎలాగిత్తన్నావు సిస్టరమ్మా?" అనేవాణ్ణి.

"నీ మొకానికి సిన్న నెత్తళ్ళు సాలు. జరుగు మిస్త్రీ," అనేది.

ఆవిడ మాట ఒకటి వార్డంతటికీ తెలుసు. "రకతం ఎక్కించీడం ఎవలైనా సేత్తారు. పోకుండా సూసుకోడమే పని."

ఒక సాయంత్రం తక్కెడ కీలు బిగుసుకుపోయిందని నూనె వెయ్యమంది. వేశాను. వేసి, పాత స్పీకరులోంచి పీకిన అయస్కాంతం ఒకటి గుడ్డలు పెట్టే పళ్ళెం అడుగున అంటించాను. మర్నాడు ఆపరేషన్లు లేవన్నారు. పొడిగుడ్డ బరువెక్కితే ఆవిడ మొహం చూసి నవ్వుకుని తీసేద్దామని.

తెల్లారేసరికి, ఎల్లుండి అనుకున్న మా ఆవిడ ఆపరేషను ఆ ఉదయానికే మారింది. మనిషీ లోపలికెళ్ళింది, తక్కెడా లోపలికెళ్ళింది.

అయస్కాంతం నేను తియ్యనే లేదు. పోని రక్తం పోయినట్టు తూగుతుంది. అక్కర్లేని బయటి రక్తం ఎక్కిస్తారు. పడని రక్తం ఎక్కి, ఒళ్ళంతా వణికిపోయి చచ్చిబతికిన మనిషిని పక్క మంచం మీదే చూశాను. పరుగెత్తి తలుపు బాదాను. "నాదే తప్పు! పళ్ళెం కింద సూడండి!" అని అరిచాను. సిస్టరమ్మ బయటికొచ్చింది. అరచేతిలో అయస్కాంతం.

"ఇది నీదేనేటి? మాయమ్మ సేపల బుట్టెత్తుకుని ఊరంతా తిరిగింది. ఖాళీ పళ్ళెం కింద సెయ్యెట్టి తడమకుండా మా ఇంట్లో ఎవలూ తూసీవోరు కాదు. పొద్దున్నే పీకీసినాను."

"మరి నాకు సెప్పలేదేటి?"

"కాసేపు సావనీ అని."

"మా ఆవిడ?"

"దాని రకతం దానికే సరిపోయింది. బయటి సీసా ఇప్పనేదు."

ఇన్నేళ్ళకీ ఆ మాట తలుచుకుంటే ఊపిరి తేలిగ్గా ఆడుతుంది. మా ఆవిడ నిక్షేపంలా ఉంది. రోజూ నన్ను తిడుతోంది.

ఇక ఇందులో నేను కల్పించినవి చెప్పేస్తాను. కబురు నిజమే, లేతు మిషనే ఆగలేదు. బావ ఆనందపురంలో దొరకలేదు, నేను వెతకనూ లేదు. తలుపు కూడా బాదలేదు. చెబితే తంతారని, మా ఆవిణ్ణి బయటికి పంపేస్తారని భయపడి, మూడు గంటలు వరండా బెంచీ మీద నోరు మూసుకుని కూర్చున్నాను. ఇది మా ఆవిడకీ ఇప్పుడే తెలుస్తుంది. పని ముగిశాక సిస్టరమ్మే నన్ను వెతుక్కుంటూ వచ్చింది. ఆవిడ అన్న మాటలు మాత్రం అన్నీ నిజం. అయస్కాంతం సంగతి ఆవిడ ఎవరికీ చెప్పకపోవడమూ నిజం. నేను ఏడుస్తోంటే చెప్పులు విప్పేసి, నా పక్కన కూలబడి, వాచిన పాదాలు రెండూ చల్లటి గచ్చుకి ఆనించుకుని కూర్చుంది.